తాత పేరు: ఎఱ్ఱగుడి రాతిపై నొక గ్రీకు నామము

నేడు నేను మీతో ముచ్చటింపదలచినది ఒక పేరును గుఱించి. రాజ్యములను గుఱించియు, యుద్ధములను గుఱించియు చెప్పుటకు గ్రంథములు పెక్కు కలవు. కాని ఒక పసిబిడ్డకు పెట్టిన పేరులో గూడ రెండువేల యేండ్ల చరిత్ర దాగి యుండవచ్చునని నేను మా యింటనే, ఈ ముసలితనమున, నేర్చుకొంటిని. ఆ సంగతి మీకు నివేదించెదను.

మాది కర్నూలు జిల్లాలోని కోసిగి. 1953 వఱకు మా ఆదోని తాలూకా బళ్లారి జిల్లాలోనిది. అందుచే మా వీథులలో తెలుగును కన్నడమును ఒకే నోట పలుకుదురు. గుండ్లు పేర్చినట్టి కొండలు, నల్లరేగడి చేలు, వానకై మింటివైపు చూచు రైతులు, ఇదియే మా సీమ రూపము. మా యూరి మగబిడ్డల పేర్లు వినుడు: ఈరన్న, తిమ్మప్ప, నరసన్న, హనుమంతు, రాఘవేంద్ర, హుసేనప్ప. ఉరుకుంద ఈరన్నస్వామియు, మంత్రాలయము రాఘవేంద్రస్వామియు, పీర్ల చావడియు ఆ పేర్లలోనే యున్నవి. ఒక పేరు పిలిచిన ఇరువురు ముగ్గురు పలుకుట మా వీథిలో వింత కాదు. ఏలయనగా తాత పేరు మనుమనికి పెట్టుట మా ఆచారము. తాత పేరును కోడలు నోట ననరాదు గనుక, ఆ పేరు గల బిడ్డను తల్లి 'అయ్యా' అనియో, 'పెద్దయ్యా' అనియో పిలుచుకొనును. పేరు పెద్దది, పిలుపు ముద్దుది.

నా కుమారుడు ఉద్యోగార్థమై జర్మనీ దేశమునకు పోయి, అచట స్థిరపడిన యొక గ్రీకు కుటుంబములోని కన్యను వివాహమాడెను. తొలిచూలు మగబిడ్డ కలిగినప్పుడు వారు వానికి నా పేరు పెట్టిరి. గ్రీకులలోను తాత పేరు మనుమనికి పెట్టుట ప్రాచీనమైన వాడుక. పెద్దకుమారునికి తండ్రి తండ్రి పేరును, రెండవవానికి తల్లి తండ్రి పేరును పెట్టుట వారి యిండ్లలో నేటికిని కలదు. నా పేరు ఆ దూరదేశమున నిలిచెనని విని నాకు కలిగిన సంతోషము ఇంతంత కాదు. వీథిలో నింటింటికి చక్కెర పంచితిని.

రెండేండ్లకు రెండవ మనుమడు పుట్టెను. వానికి మా వియ్యంకుని పేరు పెట్టుచున్నామని కబురు వచ్చెను. ఆ పేరు అంతిగొనసు.

మా యింట నొక నిశ్శబ్దము క్రమ్మెను. "ఈ పేరు నా నోట తిరుగదు, ఎట్లు పిలుచుకొందును?" అని నా భార్య కన్నుల నీరు పెట్టుకొనెను. నామకరణములు చేయించు మా పురోహితుడు తల పంకించి, "ఈ నామమునకు అర్థ మేమి? పైగా 'అంత' యనగా చివర యని గదా. పసిబిడ్డ కిది యేల?" అనెను. పొరుగింటి రైతుపెద్ద, నా చిన్ననాటి చెలికాడు, "అయ్యవారూ, ఇట్లాంటి పేరు మన నేలమీద ఎన్నడైనా వినబడిందా?" అని యడిగెను. నేను ముప్పదియేండ్లు బడిలో చరిత్ర చెప్పినవాడనే. అయినను ఎవరికిని సమాధానము చెప్పజాలకపోతిని. నిజము దాచనేల? నా మనస్సును చివుక్కు మనెను. ఈసారి చక్కెర పంచలేదు.

నోట తిరుగదు, అర్థము లేదు, మన నేలది కాదు అను ఈ మూడు ఆక్షేపణములను ముందిడుకొని, నేను నెలల తరబడి పుస్తకములు తిరుగవేసితిని. నాకు దొరకినది చెప్పెదను.

మొదట అర్థము. గ్రీకు భాషలో 'అంతి' యనగా ఎదురు, బదులు, సమానము అను నర్థములు కలవు. 'గొనసు' అనగా పుట్టుక, సంతతి, కన్నవారు. కావున అంతిగొనసు అనగా కన్నవారికి బదులుగా నిలుచువాడు, పూర్వులకు సాటివచ్చువాడు అని పండితులు చెప్పుదురు. మఱియు భాషాశాస్త్రజ్ఞు లింకొక విషయము చెప్పుచున్నారు. గ్రీకు 'గొన' శబ్దమును, మన సంస్కృతములోని 'జన' శబ్దమును ఒక తల్లి బిడ్డలు. గ్రీకు 'అంతి'కిని, సమీప మను నర్థమున మన మెఱిగిన 'అంతిక' శబ్దములోని 'అంతి'కిని గూడ అట్టి చుట్టఱికమే కలదు. ఈ మాట విన్నప్పుడు మా పురోహితుని ముఖము కొంత వికసించెను. ఈ పేరునకు ఆడురూప మగు అంతిగొనె అను నామము సోఫొక్లీసు మహాకవి నాటకమువలన లోకప్రసిద్ధమైనది. మగపేరు మాత్రము ఆ దేశమునందును అరుదు.

తాతకు బదులుగా మనుమడు! మన యిండ్లలో నోటితో చెప్పకయే చేయుచున్న ఆచారమును ఆ గ్రీకులు ఒక పేరుగా కూర్చిరి. మన రాజులును ఈ త్రోవనే నడచిరి. క్రీస్తుశకము మూడు, నాలుగు శతాబ్దులలో కృష్ణాతీరమున విజయపురి నుండి యేలిన ఇక్ష్వాకులలో మొదటివాడు చాంతమూలుడు. అతని కుమారుడు వీరపురుషదత్తుడు. మనుమడు మఱల చాంతమూలుడే. అతని కుమారుని పేరు రుద్రపురుషదత్తుడు. ఆ విజయపురి లోయ నేడు నాగార్జునసాగరపు నీటిక్రింద నున్నది గాని, తాత పేరు మనుమని కిచ్చు వాడుక నీట మునుగలేదు.

ఇక ఆ పేరు వహించిన మహాపురుషు లెవరో చూతము. క్రీ.పూ. 323లో అలెగ్జాండరు చక్రవర్తి మరణింపగా, అతని సేనానులు రాజ్యమును పంచుకొనుటకు దశాబ్దముల తరబడి పోరాడిరి. వారిలో నొకడు అంతిగొనసు. యుద్ధమున నొక కన్ను పోగా ఒంటికంటి అంతిగొనసు అని పేరు వడసెను. క్రీ.పూ. 306లో రాజబిరుదము ధరించెను. మఱియొక సేనాని సెల్యూకసు. ఈ సెల్యూకసు సింధునది దాటి మన మౌర్య చంద్రగుప్తునితో తలపడి, క్రీ.పూ. 303 ప్రాంతమున సంధి చేసికొనెను. తన తూర్పుదేశములను కొన్నింటిని చంద్రగుప్తునికి విడిచి, బదులుగా ఐదువందల యేనుగులను పుచ్చుకొనెను. గ్రీకులు చంద్రగుప్తుని సాంద్రకొత్తసు అని వ్రాసిరి. మనము వారి పేర్లను ఎట్లు త్రిప్పుదుమో, వారును మన పేర్ల నట్లే త్రిప్పిరి.

ఆ యేనుగులు ఊరక యుండలేదు. క్రీ.పూ. 301లో నేటి టర్కీ దేశములోని ఇప్ససు అను చోట మహాయుద్ధము జరిగెను. ఒంటికంటి అంతిగొనసుకు అప్పటికి ఎనుబదియేండ్లు. అతని కుమారుడు దెమేత్రియసు గుఱ్ఱపుదండుతో శత్రువుల నొకవైపు తఱుముకొని దూరముగా పోయెను. అతడు మఱలి వచ్చునప్పటికి సెల్యూకసు ఏనుగులను అడ్డముగా నిలిపి యుండెను. తండ్రికిని కొడుకునకును నడుమ ఏనుగుల గోడ లేచెను. కుమారుడు వచ్చి తన్ను కాపాడు నని తుదివఱకు నమ్ముచు ఆ వృద్ధుడు రణరంగముననే కూలెను. గ్రీకు చరిత్రకారుడు ప్లూటార్కు ఈ వృత్తాంతమును వ్రాసియున్నాడు. మగధనుండి నడచిపోయిన యేనుగులు, మనము పేరైన నెఱుగని దేశమున, ఒక తాత చావునకు కారణమైనవి.

ఆ కుమారుడు దెమేత్రియసు అటుపిమ్మట కొన్నియేండ్లు గెలిచి, కొన్నియేండ్లు ఓడి, కడకు సెల్యూకసు చేత చిక్కి చెఱలో పడెను. అప్పుడు అతని కుమారుడు, తాత పేరు మోసిన మనుమడు అంతిగొనసు, ఏమి చేసెను? ఎల్లరాజులకును లేఖలు వ్రాసెను. తమకు మిగిలిన దంతయు ఇచ్చివేయుదుననియు, అన్నిటికంటె ముందుగా తండ్రికి బదులు తన్ను చెఱలో నుంచుకొను మనియు సెల్యూకసును వేడుకొనెను. పెద్దలారా, పేరున కర్థ మేమని మనము నిఘంటువులలో వెదకుదుము. ఈ యువకుడు దానిని ఆచరణమున చూపెను. కన్నవానికి బదులుగా నిలుచుటకు సిద్ధపడెను. యయాతి ముదిమిని తనపై వేసికొన్న పూరుని కథ మనకు తెలిసినదే. ఆ కథ విని పెరిగిన మనకు ఈ గ్రీకు రాకుమారుడు పరాయివాడుగా తోచునా?

సెల్యూకసు ఒప్పుకొనలేదు. దెమేత్రియసు చెఱలోనే క్రీ.పూ. 283లో మరణించెను. అస్థికలు బంగారు పాత్రలో నోడపై వచ్చుచుండగా, కుమారుడు తన నౌకలనన్నిటిని తీసికొని సముద్రమధ్యమున ఎదురేగి, వానిని తన పెద్దయోడపై నుంచుకొని, తండ్రి పేర వెలసిన పట్టణమునకు చేర్చి సమాధి చేసెను. అటుపిమ్మట తనకు కుమారుడు కలుగగా వానికి దెమేత్రియసు అని తండ్రి పేరే పెట్టెను.

ఈ మనుమడు అంతిగొనసు, గొనతాసు అను మాఱుపేరు గలవాడు, క్రీ.పూ. 277లో దోపిడిదండులుగా వచ్చిన గాలు జాతివారిని ఓడించి, మాసిదోనియాకు రాజై, క్రీ.పూ. 239 వఱకు ఏలెను. అతడు జెనో అను తత్త్వవేత్తకు భక్తుడు. ఆస్థానమునకు రమ్మని యాహ్వానింపగా, జెనో తాను వృద్ధుడ నని రాక, శిష్యులను పంపెను. ప్రజలను కఠినముగా చూచుచున్న కుమారుని ఒకప్పుడు మందలించుచు, రాచరిక మనగా గౌరవముతో కూడిన దాస్యమే యని ఈ రాజు చెప్పెనని గ్రంథకర్తలు వ్రాసిరి. అయితే అతనిని ఋషిగా చేయుట నా యుద్దేశము కాదు. ఏథెన్సు నగరము తన కెదురు తిరుగగా, ముట్టడించి, ఆకలిచే లొంగదీసి, అందు తన సైనికులను నిలిపినవాడును అతడే. మంచి పేరు గలవాడు మంచిపనులే చేయునను నియమము లేదు. పేరు దారి చూపును, నడచుట మనిషి వంతు.

ఇంతవఱకు ఇది అన్యదేశపు కథ. ఈ పేరు మన నేలమీద ఎన్నడైన వినబడినదా యని నా చెలికా డడిగిన ప్రశ్న మిగిలియున్నది. దానికి సమాధానము మా కర్నూలు జిల్లాలోనే యున్నదని పుస్తకములో చదివి నేను నివ్వెఱపోతిని. మఱునాడే చెలికానిని వెంటబెట్టుకొని బయలుదేఱితిని. కోసిగిలో రైలెక్కి, గుంతకల్లు మీదుగా గుత్తి చేరి, అచటినుండి పత్తికొండ పోవు మార్గమున ఎఱ్ఱగుడి చేరితిమి. దాపుననే జొన్నగిరి. తొలకరి వానలు పడగనే వజ్రములు దొరకునను నాసతో ఊరూరినుండి జనులు వచ్చి, తలలు వంచి, చేలలో రాళ్లు వెదకునది ఈ ప్రాంతముననే. మేము మాత్రము తల యెత్తి వేఱొక రాతిని వెదకుచు పోతిమి.

అచట తిప్పమీది పెద్ద గుండ్లపై అశోకచక్రవర్తి శాసనములు చెక్కబడి యున్నవి. 1928-29 ప్రాంతమున ఒక భూగర్భశాస్త్రజ్ఞుడు వీనిని గుర్తింపగా లోకమునకు తెలిసినవి. అశోకుని పదునాలుగు పెద్ద శిలాశాసనములును గల చోటు దక్షిణదేశమున నిది యొక్కటియే. ఇవిగాక చిన్న శాసనమును కలదు. అందు కొన్ని పంక్తులు ఎడమనుండి కుడికిని, మఱికొన్ని కుడినుండి ఎడమకును, మడక దున్నిన చాళ్లవలె సాగుచున్నవి. లిపి బ్రాహ్మి, భాష ప్రాకృతము. ఈ లిపిని చదువగలవారు వెయ్యేండ్లకు పైగా ఈ దేశమున లేకపోయిరి. 1837లో జేమ్సు ప్రిన్సెపు అను నాంగ్లేయుడు కలకత్తాలో దానిని ఛేదించెను. ఎఱ్ఱగుడి గుండ్లు అప్పటికి ఎవరికిని తెలియవు. ఇవే శాసనముల ప్రతులు ఇతర ప్రాంతములలో ముందుగా దొరకినవి.

ఆ పదునాలుగింటిలో పదుమూడవది మిక్కిలి ప్రసిద్ధము. తాను పట్టాభిషిక్తుడైన యెనిమిదేండ్లకు కళింగమును జయించితి ననియు, అందు లక్షమంది హతులైరనియు, లక్షయేబదివేలమంది చెఱగొనిపోబడిరనియు, అంతకు పెక్కురెట్లు ఇతరముగా నశించిరనియు, అందుకు తన హృదయము పరితపించుచున్నదనియు అశోకు డందు చెప్పుకొనెను. గెలిచిన రాజు తన గెలుపునకు దుఃఖించుచు రాతిపై వ్రాయించుట లోకచరిత్రలో అరుదు. ఇకమీదట ధర్మవిజయమే విజయమని చెప్పి, ఆ ధర్మవిజయము తన పొలిమేరల కవతల, ఆఱువందల యోజనముల దూరమున నున్న యవనరాజు అంతియోకుని దేశమునను, అతనికి ఆవల నలుగురు రాజుల దేశములందును జరిగినదని వ్రాయించెను. ఆ నలుగురి పేర్లు ఆయా ప్రతులలో తురమయ యనియు, అంతికిని యనియు, మక లేక మగ యనియు, అలికసుదర యనియు, కొంచెము కొంచెము భేదములతో నున్నవి. తురమయ యనగా ఈజిప్టు నేలిన టాలమీ. మగ యనగా ఆఫ్రికా యుత్తరతీరమున కిరీనీ నేలిన మగసు. అలికసుదర యనగా అలెగ్జాండరు నామము గల మఱియొక చిన్నరాజు. అంతికిని యన్నవాడే మన కథానాయకుడు, తాత పేరు మోసిన మనుమడు అంతిగొనసు.

ఈ పేర్లవలన మన దేశమునకు కలిగిన మేలు సామాన్యమైనది కాదు. మన పురాణములలో రాజుల వంశావళులు కలవు గాని, వారు ఏ సంవత్సరమున నుండిరో తేల్చుట కష్టము. గ్రీకులు తమ రాజుల కాలములను వ్రాసి యుంచిరి. ఈ యైదుగురును ఒకేసారి రాజ్యమేలిన కాలము క్రీ.పూ. 261కిని 250కిని నడుమ మాత్రమే. కావున ఈ శాసనము ఆ నడిమి కాలపుదే. దీని నాధారముగా చేసికొని అశోకుని కాలమును, దానినుండి ముందు వెనుకల రాజుల కాలములను పండితులు నిర్ణయించిరి. భారతదేశ చరిత్రకు కాలనిర్ణయపు గుంజ నాటినది ఈ యైదు యవననామములే.

నా చేతిలో శాసనముల అచ్చుప్రతి యుండెను. ఆ గుండ్లపై అక్షరములు కొన్ని చోట్ల అరిగిపోయి యున్నవి. మే మిద్దఱమును చదువలేము. అయినను ఎండలో నిలిచి, ప్రతిని చూచుచు, శాసనమున నున్న సంగతులను ఒక్కొక్కటిగా నా చెలికానికి చెప్పితిని. ఆంధ్రుల పేరు గూడ ఆ పదుమూడవ శాసనముననే కలదని చెప్పితిని. అతడు చాలసేపు మాటాడలేదు. పిదప, "ఇంతకూ ఆ రాజు వాళ్ల దేశాలకు ఏం పంపినాడు, అయ్యవారూ?" అని యడిగెను.

అందుకు జవాబు అచటనే రెండవ శాసనమున కలదు. చోళ, పాండ్యులు మొదలగు దక్షిణదేశపు రాజుల పొలిమేరలలోను, యవనరాజు అంతియోకుని దేశమునను, అతని పొరుగురాజుల దేశములందును మనుష్యులకు చికిత్సయు, పశువులకు చికిత్సయు ఏర్పఱచితి ననియు, మూలికలు లేనిచోట తెప్పించి నాటించితి ననియు, బాటల వెంబడి బావులు త్రవ్వించి, చెట్లు నాటించితి ననియు అశోకుడు చెప్పెను. మా చెలికాడు మెట్టరైతు. అతని చేనిలో మూడు బోర్లు ఎండిపోయినవి. బావి అను మాట వినగానే అతని చూపు రాతిపై నిలిచెను. "తాత ఏనుగుల్ని పంపినాడు, మనుమడు బావులు పంపినాడు" అని మెల్లగా ననెను. దారిపొడవున నేను చెప్పుచు వచ్చిన ఇప్ససు యుద్ధకథ అతని మనస్సున నుండెను.

పెద్దలారా, నేను నెలల తరబడి చదివినను నాకు తోచనిమాట అతనికి తోచెను. చంద్రగుప్తుడు తాత, అశోకుడు మనుమడు. ఒంటికంటి అంతిగొనసు తాత, గొనతాసు మనుమడు. ఒక తాత యిచ్చిన యేనుగులు ఇంకొక తాతను చంపుటకు సాయపడినవి. ఏబదియేండ్లకు లోపలనే ఆ చంపినవైపు మనుమడు, చచ్చినవైపు మనుమని పేరును ధర్మము పాటించువారి పట్టికలో చేర్చి, మన కర్నూలు గుండ్లపై చెక్కించెను. ఆ రాయబారమును గుఱించి గ్రీకు గ్రంథములు ఏమియు చెప్పుట లేదు. అశోకుని మాటయే మనకు సాక్ష్యము. తాతకు బదులుగా నిలుచుట యనగా తాత పగను మోయుట కాదు, తాత చేయక విడిచిన మంచిని చేయుట యని ఆ రాతి ముందు నాకు తెలిసెను.

పురోహితుని రెండవ యాక్షేపమునకు గూడ ఆ శాసనముననే సమాధానము దొరకినది. పొరుగుదేశములవారిని అశోకుడు 'అంత' యను మాటతోనే చెప్పెను. అందు అంత మనగా చావు కాదు, పొలిమేర. పొలిమేర కవతలివాడు పొరుగువాడే గదా! మఱియు ఇంగ్లీషుచదువులు చదివిన మనము ఈ పేరును 'ఆంటి' యని టకారముతో పలికి మోటుచేయుదుము. ప్రాచీన గ్రీకుల నోట నున్నది దంత్యమగు తకారమే. రాతిపై చెక్కినదియు తకారమే. ఈ పేరు మన నాలుకకు అనువైనదే.

అన్యదేశపు మాటలని మనము వెఱచుటయు వృథా. పంచాంగము విప్పి బిడ్డ జాతకము చూచునప్పుడు సిద్ధాంతిగారు పలుకు హోర, కేంద్రము అను మాటలు ప్రాచీనకాలమున గ్రీకు భాషనుండి మన జ్యోతిషమునకు వచ్చినవే. రాతిమీది అలికసుదరుని పేరే పారసీకుల నోట సికందరై, సికిందరు జాహి నైజాము పేరిట సికింద్రాబాదులో నిలిచియున్నది. 1800 మొదలు 1807 వఱకు మన దత్తమండలమునకు కలెక్టరుగా నుండిన మన్రో దొరపై అభిమానముచే ఈ సీమలో బిడ్డలకు మన్రోలప్ప యని పేరు పెట్టుకొనిరి. ఆయన 1827లో కలరా సోకి ఈ పత్తికొండలోనే మరణించెను. మంచి చేసినాడని తోచినవాని పేరునకు 'అప్ప' తగిలించి తమవానిగా చేసికొనుట మన సీమవారికి పుట్టుకతో వచ్చిన విద్య.

ఇంతయు విని, మనమందఱము గ్రీకు పేర్లు పెట్టుకొనవలెనని చెప్పుచున్నానని తలపవలదు. వినుటకు వింతగా నున్నదని ఏదో యొక పేరు ఏఱితెచ్చి బిడ్డ నెత్తిన పెట్టుట మంచిది కాదు. ఒక పేరునకు ఆకర్షణ దాని యరుదుతనమువలన రాదు. అది ఎవరిని తలపించునో, బిడ్డను ఏ త్రోవకు పిలుచునో, దానివలన వచ్చును. మా మనుమనికి ఆ పేరు పుస్తకములోనుండి రాలేదు, జీవించియున్న తాతనుండి వచ్చినది.

ఎఱ్ఱగుడినుండి తిరిగి వచ్చుచు రైలులో నేనొక మాట తలచుకొని సిగ్గుపడితిని. పెద్దమనుమనికి నా పేరు పెట్టినప్పుడు ఆ వియ్యంకుని యింట ఏమి జరిగియుండును? నా పేరును పలుకుట ఆయన నాలుక కెంత కష్టమో నే నెన్నడైన తలచితినా? దాని యర్థ మేమని ఆయన వీథివారు అడిగియుండరా? అయినను ఆయన మాఱుమాట పలుకలేదు. ఫోనులో మాటాడినప్పుడెల్ల, తడబడుచునే, మనుమని నా పేరున పిలిచి నాకు వినిపించుచుండెను. నేను చక్కెర పంచుకొంటిని, ఆయన పలుకుట నేర్చుకొనెను.

ఇంటికి రాగానే ఈ కథ యంతయు నా భార్యకు చెప్పితిని. ఏనుగుల గోడ కవతల కుమారునికై యెదురుచూచిన ముసలిరాజు కథ వద్ద ఆమె కన్నులు చెమర్చెను. తండ్రికి బదులు నన్ను చెఱ నుంచుకొను మన్న కొడుకు కథ వద్ద, "మంచి బిడ్డ" అనెను. ఆ సాయంకాలము ఫోనులో మనుమని ముఖము చూచినప్పుడు ఆమె క్షణకాలమైన తడబడక, "అంతప్పా!" అని పిలిచెను. వాడు బోసినోట నవ్వెను. ఆవలనున్న వియ్యంకుడు ఆ పిలుపు విని, అది తన పేరే యని గ్రహించి, తానును మెల్లగా "అంతప్ప" అని పలికి చూచుకొనెను.

మఱునాడు నేను సంతకు పోయి చక్కెర కొనితెచ్చి, మొదట మా చెలికాని యింట, పిదప పురోహితుని యింట, ఆ తరువాత వీథి యంతటను పంచితిని. చెలికాడు చక్కెర నోట వేసికొని, "ఈ పేరు మన పొలిమేరలోదేలే, అయ్యవారూ" అనెను.

మీరెప్పుడైన గుత్తికిగాని పత్తికొండకుగాని పోవు పని యున్నచో, ఒక పూట ఎఱ్ఱగుడిలో దిగుడు. చదువురాకున్నను చింత లేదు. మీ మనుమలను వెంట తీసికొని పోయి, ఇచట బావులు త్రవ్వించిన యొక మనుమని మాటయు, దూరదేశపు ఇంకొక మనుమని పేరును ఉన్నవని చెప్పుడు. ఆ బిడ్డలు మీ పేర్లు మోయువారు. మీకు బదులుగా రేపు నిలుచువారు.